రొయ్య సగటు బరువు లెక్కలో తేడాలు: సమస్య - పరిష్కారం

విడవలూరు గుంటల్లో అయినా, కొత్తపట్నం గుంటల్లో అయినా వనామికి (గుంటల్లో పెంచే రొయ్య రకం) లెక్క ఒకటే. తూకాన్ని రొయ్యల సంఖ్యతో భాగిస్తే ఒక్క రొయ్య బరువు. 1000ని ఆ గ్రాములతో భాగిస్తే కౌంట్, అంటే కిలోకు ఎన్ని రొయ్యలో. 20 గ్రాములైతే 50 కౌంట్, 10 గ్రాములైతే 100.

సమస్య: ఒక్కో రొయ్యను కాటా మీద పెడితే అంకె నిలకడగా రావడం లేదు.
కాటా 10 గ్రాముల మెట్లలో చూపేదైతే 12 గ్రాముల రొయ్యను అది పట్టలేదు. 100 రొయ్యలు కలిపి తూచండి. అప్పుడు కాటా 10 గ్రాములు తప్పు చూపినా, ఒక్కో రొయ్యకు వచ్చే తేడా 0.1 గ్రామే.

సమస్య: గట్టు మీద 62 కౌంట్ అనుకున్నది, పట్టుబడి రోజు 67కి పోయింది.
ముందు బుట్టను అనుమానించండి. 60 రొయ్యలతో బుట్ట 1,120 గ్రాములు, తడి బుట్ట 220. మిగిలిన 900ని 60తో భాగిస్తే 15 గ్రాములు, అంటే దాదాపు 67 కౌంట్. పొడి బుట్ట 160 గ్రాములేనని అదే తీసేస్తే 16 గ్రాములు, 62 కౌంట్ అని మోసపోతాం. నీళ్లు పూర్తిగా ఓడ్చి, తడి బుట్ట బరువే తీసేయండి.

సమస్య: లెక్క ప్రకారం మేత వేస్తున్నా చెక్ ట్రేలో (మేత తిన్నాయో లేదో చూడ్డానికి నీళ్లలో దించే పళ్లెం) మిగిలిపోతోంది.
రొయ్యకు జబ్బు లేకపోతే ఎక్కువసార్లు తప్పు సగటులోనే ఉంటుంది. ఒక వలలో 20 రొయ్యలు 400 గ్రాములు (20 గ్రా.), ఇంకో వలలో 80 రొయ్యలు 800 గ్రాములు (10 గ్రా.) పడ్డాయనుకోండి. 20, 10 కలిపి రెండుతో భాగిస్తే 15 వస్తుంది. అది తప్పు. మొత్తం 1,200 గ్రాములను మొత్తం 100 రొయ్యలతో భాగించాలి: 12 గ్రాములు. గుంటలో 2 లక్షల రొయ్యలుంటే ఆ 3 గ్రాముల తేడా 600 కిలోలు. రొయ్యల బరువులో 3 శాతం మేత చొప్పున రోజుకు 18 కిలోలు ఎక్కువపడి అడుగున కుళ్లి అమోనియా పెంచుతుంది. మేత డబ్బు పోవడం కన్నా నీళ్లు చెడడమే పెద్ద నష్టం.

సమస్య: పోయిన వారం కన్నా బరువు తగ్గింది.
రొయ్య వారంలో 2 గ్రాములు చిక్కిపోదు. వల పడిన చోటు మారి ఉంటుంది. నాలుగు మూలలా, నడుమనా విసరండి. చిన్నవాటిని ఏరి పారేయకుండా పడినవన్నీ లెక్కపెట్టండి. గుల్ల వదిలి మెత్తగా ఉన్నవి ఎక్కువ కనిపిస్తే వల ఆపి, రెండు మూడు రోజుల తర్వాత మళ్లీ తూచండి.