పదోన్నతి ఆగినా, పెన్షన్ తగ్గినా: క్యాట్‌లో కేసు వేసే ముందు చూసుకోవాల్సినవి

ఐఏఎస్, ఐపీఎస్ అధికారి రాష్ట్రంలో పనిచేస్తున్నా, సర్వీసు వివాదం మొదట వెళ్లాల్సింది కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ (క్యాట్)కే. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ కేసులను హైదరాబాద్ బెంచ్ వింటుంది. ట్రిబ్యునల్ ఉత్తర్వు నచ్చకపోతే హైకోర్టు డివిజన్ బెంచ్‌కు వెళ్లవచ్చని 1997 నాటి ఎల్.చంద్రకుమార్ తీర్పు చెప్పింది. ట్రిబ్యునల్‌ను దాటేసి నేరుగా రిట్ వేస్తే మాత్రం నిలవదు. రాష్ట్ర సర్వీసుల వారికి ఈ రెండు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు విడి ట్రిబ్యునల్ లేదు, వాళ్లు హైకోర్టుకే వెళ్లాలి.

ముందు గడువు

బలమున్న కేసులు కూడా గడువు దగ్గరే పడిపోతుంటాయి. 1985 నాటి పరిపాలనా ట్రిబ్యునళ్ల చట్టం 21వ సెక్షన్ ప్రకారం తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా ఓఏ (ఒరిజినల్ అప్లికేషన్, అంటే అసలు కేసు) వేయాలి. శాఖకు ఇచ్చిన రిప్రజెంటేషన్‌కు (వినతిపత్రానికి) జవాబే రాకపోతే ఆరు నెలలు ఆగి, ఆపైన ఏడాదిలోగా వేయాలి. 2024 మార్చి 10న రిప్రజెంటేషన్ ఇచ్చారనుకోండి. సెప్టెంబర్ 10 దాకా ఆగాలి, 2025 సెప్టెంబర్ 10 లోపు ఓఏ నంబరు పడేలా చూసుకోవాలి. మధ్యలో ఎన్ని రిమైండర్లు పంపినా ఈ లెక్క మారదు. ఎప్పుడో చల్లారిపోయిన క్లెయిమ్‌పై కొత్తగా అర్జీ పెట్టి, అది తిరస్కరించిన తేదీ నుంచి గడువు లెక్కపెట్టడం కుదరదని సి.జేకబ్ కేసులో సుప్రీంకోర్టు 2008లోనే తేల్చింది. ఆలస్యమైతే, మాఫీ కోరుతూ విడిగా ఎంఏ (మిసలేనియస్ అప్లికేషన్) వేసి కారణాలను ఆధారాలతో చూపాలి.

పదోన్నతి కేసులో ఏం అడగాలి

రాజ్యాంగం 16వ అధికరణం ఇచ్చేది పదోన్నతికి పరిశీలించబడే హక్కు. పదోన్నతే హక్కు కాదు. అందుకే "నాకు ప్రమోషన్ ఇప్పించండి" అన్న ప్రార్థన తరచూ వీగిపోతుంది. "రివ్యూ డీపీసీ (శాఖాపరమైన పదోన్నతుల కమిటీ) పెట్టి, జూనియర్‌కు పదోన్నతి వచ్చిన తేదీ నుంచి నన్ను పరిశీలించాలి, అర్హుడినని తేలితే నోషనల్ (లెక్కకు మాత్రమే ఇచ్చే) సీనియారిటీ, వేతన స్థిరీకరణ, పెన్షన్ సవరణ ఇవ్వాలి" అని విడమరిచి రాయాలి. గ్రేడింగ్‌ను మళ్లీ దిద్దే పని ట్రిబ్యునల్ చేయదు, పద్ధతిలో తప్పు దొరికితేనే కదులుతుంది. అలాంటి తప్పుల్లో ముఖ్యమైనది, అధికారికి చూపించకుండానే వాడిన వార్షిక పనితీరు నివేదిక. ప్రతి ఎంట్రీనీ తెలియజేయాల్సిందేనని దేవ్‌దత్ (2008), సుఖ్‌దేవ్ సింగ్ (2013) తీర్పులు చెప్పాయి. నివేదిక చేతికొచ్చాక అభ్యంతరానికి ఉండేది 15 రోజులే, దాన్ని వదులుకోకండి.

పదోన్నతి పొందిన జూనియర్ల సీనియారిటీ దెబ్బతినేలా కోరుతుంటే వాళ్లను ప్రతివాదులుగా చేర్చాలి. కనీసం కొందరినైనా ప్రతినిధులుగా చేర్చకపోతే కేసు అక్కడే పోవచ్చు.

సీల్డ్ కవర్ (డీపీసీ సిఫార్సును బయటపెట్టకుండా కవర్‌లో మూసి ఉంచడం) విషయంలో తేదీలే ప్రాణం. 1991 నాటి జానకీరామన్ తీర్పు, 1992 సెప్టెంబర్ 14 నాటి కేంద్ర మెమో ప్రకారం మూడు సందర్భాల్లోనే కవర్ సీల్ చేయాలి: సస్పెన్షన్‌లో ఉండటం, చార్జ్ మెమో (అభియోగ పత్రం) జారీ అయి శాఖాపరమైన విచారణ నడుస్తుండటం, క్రిమినల్ ప్రాసిక్యూషన్ పెండింగ్‌లో ఉండటం. ఫిర్యాదు వచ్చిందనో, ప్రాథమిక విచారణ నడుస్తోందనో ఆపితే అది చెల్లదు. ఇక్కడ చాలామంది పొరబడేది ఒకటుంది. డీపీసీ నాటికి మెమో లేకపోయినా, పదోన్నతి ఉత్తర్వు వచ్చేలోగా జారీ అయితే ఆ సిఫార్సునూ సీల్ చేసినట్టే భావిస్తారు. కాబట్టి డీపీసీ తేదీ, మెమో తేదీ, జూనియర్ పదోన్నతి ఉత్తర్వు తేదీ మూడూ పక్కపక్కన రాసి చూడండి. డీపీసీ జరిగి రెండేళ్లయినా విచారణ తేలకపోతే తాత్కాలిక పదోన్నతికి పరిశీలించమని కోరవచ్చు. పూర్తిగా నిర్దోషిగా తేలితేనే కవర్ తెరిచి జూనియర్ తేదీ ఇస్తారు, ఏదైనా శిక్ష పడితే ఆ సిఫార్సు అమలు కాదు.

రిటైర్మెంట్ దగ్గర పడుతుంటే ఇంకా తొందరపడాలి. పై పదవి బాధ్యతలు చేపట్టకుండానే రిటైరైనవారికి వెనక తేదీ నుంచి పదోన్నతి ఇవ్వలేమని 2024 నవంబర్‌లో అమల్ సత్పతి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

పెన్షన్ కేసులో

ఇక్కడ గడువు కాస్త మెత్తన. పెన్షన్ తప్పుగా లెక్కిస్తే ప్రతి నెలా నష్టమే కాబట్టి ఆలస్యంగా వచ్చినా వింటారు, బకాయిలు మాత్రం సాధారణంగా వెనక్కి మూడేళ్లకే పరిమితమని తర్సేమ్ సింగ్ (2008) తీర్పు. అదే తీర్పు, ఇతరుల సీనియారిటీని తిరగదోడే క్లెయిమ్‌లకు ఈ వెసులుబాటు లేదంది.

రిటైరయ్యాక చార్జ్ మెమో వస్తే ముందుగా నాలుగేళ్ల లెక్క వేయండి. సర్వీసులో ఉండగా మొదలవని శాఖాపరమైన విచారణను, నాలుగేళ్లకు ముందు జరిగిన ఘటనపై మొదలుపెట్టకూడదు. ఘటన 2020 ఆగస్టులో జరిగి, మే 2024లో రిటైరైన అధికారికి ఆ సెప్టెంబర్‌లో మెమో ఇస్తే అది చెల్లదు. ఐఏఎస్ అధికారి విషయంలో కేంద్ర ప్రభుత్వ మంజూరు ఉందో లేదో కూడా చూడాలి. విచారణ పెండింగ్‌లో ఉన్నంతకాలం ప్రొవిజనల్ పెన్షన్ ఇస్తారు, గ్రాట్యుటీ ఆపుతారు.

జూన్ 30న రిటైరైనవారు జులై 1 ఇంక్రిమెంట్‌ను విడిగా చూసుకోవాలి. 2023 ఏప్రిల్ 11 నాటి సుప్రీంకోర్టు తీర్పుతో ఆ హక్కు తేలింది. అంతకుముందు కోర్టుకెక్కని వారికి పెరిగిన పెన్షన్ 2023 మే 1 నుంచే వస్తుంది.

ఓఏకు పీపీఓ (పెన్షన్ చెల్లింపు ఉత్తర్వు), చివరి వేతన ధ్రువపత్రం, వేతన స్థిరీకరణ ఉత్తర్వులు జతచేసి, రావాల్సిన పెన్షన్, వస్తున్న పెన్షన్, తేడా నెలవారీగా చూపే పట్టిక పెట్టండి. ఆ తేడా మొత్తాన్ని ప్రార్థనలోనూ అంకెల్లో రాయండి.