జంటకంచు మోగకపోతే: లక్షణం, కారణం, సరిచేసే పద్ధతి

జంటకంచు మన లోకపు వస్తువు కాదు. విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల మిత్రులం కొందరం కలిసి అల్లుకుంటున్న కథాలోకంలో, ఒకే మూసలో కరిగించిన కంచుతో పోతపోసిన రెండు గిన్నెల్లో ఒకదాన్ని కొడితే, రెండోది ఎన్ని ఆమడల దూరాన ఉన్నా దానంతటదే మోగుతుంది. విడిచిన దెబ్బ, చేత్తో అదిమిపట్టిన దెబ్బ అనే రెండింటితోనే కబురంతా నడుస్తుంది. అందులో దూరం లెక్కలోకి రాకపోవడం ఒక్కటే మాయ. తక్కినదంతా మనకు తెలిసిన అనునాదమే (ఒకటి మోగితే అదే శ్రుతి గల రెండోదీ కంపించడం) కనుక, దానికి వచ్చే జబ్బులూ మామూలు కంచుకు వచ్చేవే. బూడితి నుంచి తెచ్చుకున్న రెండు గిన్నెలను, బొబ్బిలి వీణకు వాడే పనస చెక్కతోనే చేయించిన పెట్టె మీద తేనెమైనంతో కూర్చి, ఒక నమూనా నేనూ చేసుకున్నాను. కింద రాసినవాటిలో చాలావరకు దాని మీద చూసినవే.

అవతలి గిన్నె అసలు మోగడం లేదు

పది ఫిర్యాదుల్లో తొమ్మిదింటికి మంత్రం చెడిందనుకుంటారు గాని, చెడేది శ్రుతి. రెండు గిన్నెల పౌనఃపున్యాలు, అంటే సెకనుకు కంపనాల లెక్కలు, ఏ కాస్త ఎడమైనా అనునాదం పుట్టదు. రెండింటినీ పక్కపక్కన పెట్టి ఒకేసారి మోగించి చెవి ఒగ్గితే, నాదం అలలా పెరుగుతూ తరుగుతూ వినిపిస్తుంది. పాఠ్యపుస్తకాల్లో విస్పందనాలు అన్నవి ఇవే. పది సెకన్లలో అలాంటి అలలు 20 లెక్కకు వస్తే, రెండు గిన్నెల మధ్య తేడా సెకనుకు 2 కంపనాలన్నమాట.

ఏది హెచ్చు, ఏది తగ్గు అన్నది చెవికి తెలియదు. పెసరగింజంత మైనం ఒక గిన్నె అంచుకు అంటించి మళ్లీ మోగించాలి. అంచు బరువెక్కితే శ్రుతి దిగుతుంది కనుక, అలలు నెమ్మదిస్తే ఆ గిన్నే హెచ్చుగా ఉన్నట్టు. అలలు పూర్తిగా ఆగేదాకా మైనం కొద్దికొద్దిగా కలుపుకుంటూ పోవచ్చు. అలలు ఇంకా వేగంగా వస్తే మైనం తీసి రెండోదానికి పెట్టాలి. ఆకురాయి మాత్రం ఆఖరి మాట, ఎందుకంటే మైనం గీకేయవచ్చు గాని రాసేసిన కంచు తిరిగి రాదు.

ఇంతకూ శ్రుతి ఎందుకు తప్పింది? మా ఇంట్లో పండగ ముందు అంట్లతోపాటు ఒక గిన్నెను ఇటుకపొడితో తళతళలాడేలా తోమారు. ఏళ్ల తరబడి అలా తోమితే గోడ పలచబడి శ్రుతి దిగుతుంది. చింతపండు పులుసుతో మెల్లగా రుద్ది కడిగితే చాలు. కళింగపట్నం వైపు ఉప్పుగాలికి చిలుము త్వరగా పడుతుంది కాబట్టి, అక్కడివారు కడిగిన వెంటనే పొడిగుడ్డతో తుడవాలి.

ఒక గిన్నెనే మోగించినా నాదం ఊగుతోంది

ఇది జంట దోషం కాదు, కాబట్టి పై పరీక్షకు ముందే దీన్ని చూసుకోవాలి. గిన్నె అచ్చమైన గుండ్రం కానప్పుడు దానిలోనే రెండు దగ్గరి శ్రుతులు పుట్టి ఒకదానితో ఒకటి పెనుగులాడతాయి. గిన్నెను కొద్దికొద్దిగా తిప్పుతూ అంచు మీద కొడితే, ఒకచోట ఆ ఊపు తగ్గి నాదం తిన్నగా సాగుతుంది. అక్కడ కుంకుమబొట్టు పెట్టుకొని, ఎప్పుడూ ఆ బొట్టు మీదనే కొట్టాలి.

మధ్యాహ్నం మోగదు, రాత్రి మోగుతుంది

ఒక గిన్నె ఎండలో, మరొకటి నీడలో ఉంటున్నదని అర్థం. వేడెక్కిన లోహం కాస్త మెత్తబడి శ్రుతి దిగుతుంది. వైశాఖంలో అరుగు మీద వదిలేసిన గిన్నెను లోపలికి తెచ్చి చల్లారనిస్తే చాలు; నీళ్లు పోసి చల్లార్చకూడదు.

కబురు కలగాపులగంగా వస్తోంది

పంపేవారు దెబ్బను సమయానికి అదిమిపట్టకపోతే ఒక అక్షరం మరోదానిలోకి పారుతుంది; ఇది చేతి అలవాటుతో పోతుంది. చుట్టుపక్కల రణగొణధ్వని ఉంటే మాత్రం గిన్నెను అనవద్దు. సిరిమానోత్సవం నాడు విజయనగరం కోట దగ్గర కూర్చుని జంటకంచు పలకలేదని ఫిర్యాదు చేసినవారికి మా కథాలోకంలో జవాబివ్వడం మానేశాం.

నాదం జీరబోయి, వెంటనే చచ్చిపోతోంది

ముందు మైనపు కుదురు చూడాలి. వేసవిలో మైనం మెత్తబడి గిన్నె పక్కల మీదికి పాకితే కంపనాన్ని మింగేస్తుంది. అడుగున రూపాయి బిళ్లంత మేర తప్ప మిగిలినది గీకేయాలి. అప్పటికీ జీర పోకపోతే గిన్నెలో నీళ్లు నింపి, బయట పొడిగుడ్డతో తుడిచి, చెమ్మ గీతలా ఎక్కడ ఊరుతుందో చూడాలి. కంచులో రాగి సుమారు 78 పాళ్లు, తగరం 22 పాళ్లు. మోతను ఇచ్చే ఆ తగరమే దాన్ని పెళుసుగానూ చేస్తుంది కనుక, కిందపడితే ఇత్తడిలా సొట్టపోదు, బీటలు వారుతుంది. బీటకు మాటు వేసినా పాత నాదం రాదు. ఒక్క గిన్నెను మాత్రమే మార్చుకోవడమూ కుదరదు. బాగున్న రెండోదాన్ని కూడా తెచ్చి, రెండింటినీ ఒకే మూసలో కరిగించి మళ్లీ పోతపోయించుకోవాలి.