కారుణ్య నియామకం: ఇంట్లో ఎవరు అడగొచ్చు, ఎప్పట్లోగా అడగాలి

సర్కారు ఉద్యోగి సర్వీసులో ఉండగా చనిపోతే ఇంట్లో ఒకరికి ఉద్యోగం అడిగే వీలు 1977లో వచ్చిన జీవో 687తో మొదలైంది. నల్లగొండైనా పాలమూరైనా తెలంగాణ రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగుల కుటుంబాలకు పునాది అదే. ఆర్టీసీ, విద్యుత్ సంస్థలు, కేంద్ర ప్రభుత్వ ఆఫీసుల రూల్స్ వేరు. వాళ్లు ఈ లెక్కలు పట్టుకోవద్దు.

దినాలు అయిపోగానే క్యాలెండర్ ముందు పెట్టుకోండి. చనిపోయిన తేదీ నుంచి ఏడాదిలోగా దరఖాస్తు ఆఫీసులో పడాలి. పిల్లలు మైనర్లయితే అదే తేదీ నుంచి రెండేళ్లలోగా 18 నిండాలి. తండ్రి 2024 జూన్ 10న పోయాడనుకోండి, కొడుకు 2008 జూన్ 10లోపు పుట్టి ఉండాలి. ఆగస్టులో పుట్టినవాడికి రెండు నెలల తేడాతో దారి మూసుకుపోతుంది. ఎక్కువ ఇళ్లు దెబ్బతినేది ఇక్కడే. "పిల్లగాడు చిన్నోడు, పెద్దగైనంక వానికే పెట్టిద్దాం" అని తల్లి ఆగుతుంది. ఏడాది దాటాక తల్లికి అడిగే వీలుండదు, కొడుక్కి వయసు చాలదు. పెద్ద పిల్లలు లేకపోతే తల్లే దరఖాస్తు పెట్టాలి. చదువు తక్కువని వెనకాడొద్దు, ఏడో తరగతి ఉంటే ఆఫీస్ సబార్డినేట్ (అటెండర్) పోస్టుకు చూస్తారు. పైకి జూనియర్ అసిస్టెంట్ స్థాయి వరకే ఇస్తారు, చనిపోయింది ఎంత పెద్ద అధికారైనా సరే.

అడగగలిగినవాళ్లు: భార్య లేదా భర్త, కొడుకు, పెళ్లికాని బిడ్డ. దత్తత పిల్లలైతే చనిపోవడానికి కనీసం ఐదేళ్ల ముందే చట్టప్రకారం దత్తత జరిగి ఉండాలి. పెళ్లయిన బిడ్డ విషయంలో 1999 నాటి జీవో 350 చూడాలి: అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు ఎవరూ లేక ఆమె ఒక్కతే ఉండి, తల్లి తనకు వద్దంటే, తండ్రి మీదే ఆధారపడి బతికినట్టు చూపగలిగితే ఆమె పేరు పరిశీలిస్తారు. ఉద్యోగికి పెళ్లే కాకపోతే, అతని మీద ఆధారపడ్డ తమ్ముడు లేదా చెల్లెలు అడగొచ్చు. కోడలు, అల్లుడు, అన్న కొడుకు ఈ లెక్కలోకి రారు. రెండో భార్య పిల్లలను ఆ కారణంతోనే పక్కన పెట్టడం చెల్లదని సుప్రీంకోర్టు 2018లో కేంద్ర ఉద్యోగి కేసులో చెప్పింది. కాబట్టి అలాంటి తిరస్కరణ వస్తే ఊరుకోవద్దు.

ఇంట్లో ఇంకొకరు ఉద్యోగం చేస్తుంటే ఫైలు అక్కడే ఆగుతుంది. ఇది ఇంటి పెద్ద పోయి ఆసరా తప్పిన కుటుంబానికి ఇచ్చే సాయం, పంచుకునే ఆస్తి కాదు. "పెద్దోడు వేరుపడ్డడు" అని నోటితో అంటే సరిపోదు, రెవెన్యూవాళ్లు ఊళ్లో విచారిస్తారు.

కాగితాలు: మరణ ధ్రువపత్రం, తహసీల్దార్ ఇచ్చే కుటుంబ సభ్యుల పత్రం, సంపాదించేవాళ్లు లేరన్న పత్రం, దరఖాస్తుదారు పదో తరగతి మెమో, పై చదువుల సర్టిఫికెట్లు, కులం, స్థానికత పత్రాలు, మిగతా కుటుంబసభ్యులు తమకు అభ్యంతరం లేదని రాసిచ్చే నోటరీ అఫిడవిట్. ఈ అఫిడవిట్ మీద మొదటి నెలలోనే సంతకాలు చేయించండి. అత్తకూ కోడలికీ, అన్నకూ తమ్ముడికీ మాట తేడా వచ్చిందంటే ఒక్క సంతకం కోసం ఏడాది గడిచిపోతుంది.

సర్వీస్ రిజిస్టర్‌లో నమోదైన పేర్లు అడిగి చూసుకోండి. అందులో భార్య "లక్ష్మమ్మ", ఆధార్‌లో "లచ్చమ్మ" అని ఉంటే ఇద్దరూ ఒకరేనా అని ఫైలు వెనక్కి వస్తుంది. పదో తరగతి మెమోలో తండ్రి ఇంటిపేరు పొట్టిగా ఉన్నా అంతే. తేడా కనబడితే ఇద్దరూ ఒకరేనని అఫిడవిట్, తహసీల్దార్ ధ్రువీకరణ ముందే జతచేయండి.

దరఖాస్తు ఆ ఉద్యోగి చివరగా పనిచేసిన ఆఫీసులోనే ఇవ్వాలి. రెండు కాపీలు తీసుకెళ్లండి. ఒకటి వాళ్లకిచ్చి, రెండోదానిపై ఇన్వార్డ్ నంబరు, తేదీ, ముద్ర వేయించుకోండి. ఏడాదిలోగా అడిగారనడానికి మీ చేతిలో ఉండే రుజువు ఆ ముద్రే. ఆ శాఖలో ఖాళీ లేకపోతే జిల్లా కలెక్టర్ ద్వారా వేరే శాఖకు కేటాయించమని రాతపూర్వకంగా కోరండి. కుదరదంటే కారణంతో కూడిన లిఖిత ఉత్తర్వు అడిగి తీసుకోండి. పై అధికారి దగ్గరికి వెళ్లినా, హైకోర్టుకు వెళ్లినా మొదట అడిగేది దాన్నే.