మగ పేరుతో కవిత పంపాలంటే

ముందు పేరు. ఇంటిపేరో పుట్టిన ఊరో కలిపితే మనవాళ్లు ఇట్టే పట్టేస్తారు. 1846లో ఇంగ్లీషు రచయిత్రులు బ్రాంటీ అక్కచెల్లెళ్లు ముగ్గురూ ‘బెల్’ అనే మారు ఇంటిపేరుతో కవితల పుస్తకం వేసుకున్నారు. ఇంగ్లీషులో తమ పేర్ల తొలి అక్షరాలు మాత్రం వదులుకోలేదు. నాకది చాలా నచ్చింది, నేనూ అలాగే పెట్టుకున్నాను. ఆ పేరుతో ఇంకెవరైనా రాస్తున్నారేమో చిక్కడపల్లి లైబ్రరీలో పత్రికలు తిరగేసి చూసుకోండి.

తర్వాత కవితను పైకి చదవండి. ‘వచ్చాను’, ‘ఏడ్చాను’ అంటే రాసింది ఆడో మగో తెలియదు. ‘ఒంటరిదాన్ని’ అన్నచోటే దొరికిపోతాం. నేను దాన్ని ‘ఒంటరివాణ్ణి’ అని మార్చను, ‘ఒంటరిగా ఉన్నాను’ అంటాను. పేరు మార్చుకున్నా కవితలో అబద్ధం ఆడలేను.

ఫైల్ ప్రాపర్టీస్‌లో మీ పేరుంటే తీసేయండి. మెయిల్ ఐడీ కొత్తది పెట్టుకోండి. ఎడిటర్ దగ్గర మాత్రం దాపరికం వద్దు. పారితోషికం మీ బ్యాంకు ఖాతాకే రావాలి కదా! కవిత నా సొంతమేనని రాసిచ్చే హామీపత్రంలో రెండు పేర్లూ రాసి, కలంపేరే అచ్చువేయమని అడగండి.

కాపీరైట్ గురించి టెన్షన్ అక్కర్లేదు. 1957 చట్టం ప్రకారం కలంపేరుతో వచ్చిన రచనకు 60 ఏళ్ల రక్షణ ఉంది. ఆలోపు అసలు పేరు బయటపెడితే, మీ మరణానంతరం 60 ఏళ్లు.

త్యాగరాయ గానసభలో కవిసమ్మేళనానికి పిలుపొస్తే, మీ బదులు తమ్ముణ్ణో మరిదినో పంపకండి. రేపటి నుంచి జనం అతన్నే కవి అంటారు.