దామెరవాయి రాకాసి గూళ్లు ఎలా చూడాలి?

ములుగు జిల్లా తాడ్వాయి మండలం దామెరవాయిలో గుట్టమీద ఉన్న రాకాసి గూళ్లు ఇనుప యుగం నాటి సమాధులు. కట్టినవాళ్లెవరో చెప్పే శాసనం ఒక్కటీ లేదు. మిగిలిన ఆధారం ఆ రాళ్లే, వాటిని చెడగొట్టకుండా చూసి రావాలి.

బూట్లు, ఫుల్ ప్యాంటు, చేతికర్ర, టార్చి, మనిషికి రెండు లీటర్ల నీళ్లు చాలు. డ్రోన్ ఇంట్లో పెట్టండి. డిసెంబరు, జనవరిలోనే వెళ్లాలి. మేడారం జాతర రోజుల్లో మాత్రం వద్దు, పస్రా నుంచే ట్రాఫిక్. హన్మకొండ నుంచి ములుగు, పస్రా మీదుగా తాడ్వాయి చేరి, అటవీశాఖ వాళ్లకు చెప్పి, ఊరి మనిషిని డబ్బులిచ్చి తోడు తీసుకెళ్లండి. నలుగురికి మించితే అది పిక్నిక్.

అందరూ పాడుచేసేది గూడు దగ్గరికి వెళ్లే పద్ధతిని. కనబడగానే పరుగెత్తి, పైకెక్కి సెల్ఫీ! నిలువు రాతి పలకలే గోడలు, వాటిమీద ఒకటే పెద్ద కప్పు బండ. సిమెంటు లేదు, సున్నం లేదు, బరువే దాన్ని పట్టి ఉంచుతుంది. నిధుల పిచ్చితో తవ్విన గూళ్లలో ఆ పట్టు కూడా సడలి ఉంటుంది.

అందుకే పదడుగుల దూరంలో ఆగి, చుట్టూ ఒక రౌండ్ వేయండి. కప్పు ఎటు వాలిందో, కింది పలకలో పగులుందో చూడండి. వాలిన వైపు అస్సలు నిలబడొద్దు. పైన తేనెపట్టు లేదని చూసుకున్నాక కర్రతో నేలమీద గట్టిగా తట్టండి, పాముంటే దాని దారిన అది పోతుంది. ఓ నిమిషం ఆగి టార్చి వేయండి. తల, చేతులు బయటే ఉండాలి, లోపలికి వెలుగు ఒక్కటే పోవాలి.

కొన్ని గూళ్లలో ఒకే రాతిని తొలిచిన తొట్టి కనబడుతుంది, చనిపోయినవాళ్ల కోసం చేసిందే. టార్చిని ఎదురుగా కాదు, అంచు పక్కనుంచి పట్టండి. నున్నగా ఉందనుకున్న రాతి మీదే గాట్లు నీడలుగా తేలతాయి. ముగ్గుపిండి రుద్ది ఫొటో తీయడం ఎవరు నేర్పారో గానీ, దానికంటే ఇది వందరెట్లు నయం.

పాత కుండ పెంకులు దొరికితే జేబులో వేసుకోకండి. 1878 నాటి నిధుల చట్టం ప్రకారం, భూమిలో దాగి ఉండి దొరికిన వస్తువు విలువ 10 రూపాయలు మించితే కలెక్టర్‌కు తెలపాలి.

మధ్యాహ్నంలోపు గుట్ట దిగండి. వచ్చాం కదా అని అదే రోజు పాండవుల గుట్ట కూడా పెట్టుకోవద్దు, అది రేగొండ వైపు, వేరే దారి.