పెళ్లిలో మీ ప్రమాణం మీరే రాసుకుని, వణక్కుండా చెప్పాలంటే

కన్యాదానం అప్పుడు అమ్మాయి తండ్రి, ధర్మంలో, అర్థంలో, కామంలో ఈమెను కాదని నడవకూడదు అని మాట అడుగుతాడు, పెళ్లికొడుకు ‘నాతిచరామి’ అంటాడు. అంటే నీ మాట దాటను అని. ఎంత గొప్ప మాటో చూడండి! కానీ మనలో చాలామందిమి పంతులుగారు పలికించింది పలికేసి ఊరుకుంటాం, పైగా అక్కడ అమ్మాయి నోరు విప్పే పనే ఉండదు. ఇద్దరూ తమ మాటల్లో ఒక నిమిషం చెప్పుకుంటే బాగుంటుందని నేననేది అందుకే.

గుంటూరులో మా తమ్ముడి పెళ్లికి వాళ్లిద్దరూ అలాగే చెప్పుకున్నారు. రాసుకునేటప్పుడు నేను పక్కనే ఉన్నాను కాబట్టి ఏది పనికొచ్చిందో చెప్తాను.

ముందు పెద్దవాళ్ల సంగతి. ‘ఇదేం కొత్త పోకడ, చర్చి పెళ్లిలా’ అని ఎవరో ఒకరు అంటారు. తంతులో ఏదీ తీసెయ్యడం లేదని నెమ్మదిగా చెప్పండి. పెళ్లి మాటలు తెలుగులో వినిపించడం మన వైపు కొత్తేం కాదు, తెనాలిలో కవిరాజు త్రిపురనేని రామస్వామి చౌదరి గారు (1887-1943) తెలుగులోనే పెళ్లి పద్ధతి రాసి, స్వయంగా పెళ్లిళ్లు చేయించారు. ఎప్పుడు చెప్పాలో పంతులుగారితో ముందే మాట్లాడుకోండి. తలంబ్రాలయ్యాక అందరూ నవ్వుతూ తేలికగా ఉంటారు కాబట్టి మావాళ్లు అప్పుడు పెట్టుకున్నారు. ముహూర్తం ఏ అర్ధరాత్రో పడితే మాత్రం ఉపవాసంతో, హోమం పొగతో గొంతు పోయి ఉంటుంది, అప్పుడు రిసెప్షన్‌లో చెప్పుకోవడమే మేలు.

ఇక రాయడం. తమ్ముడు మొదటి రోజు రాసుకొచ్చిన కాగితంలో ‘నువ్వే నా ప్రాణం, నువ్వే నా లోకం’ అని ఉంది. అబద్ధమని కాదు, కానీ ఆ మాటలు ఏ పెళ్లిలో ఏ అమ్మాయికైనా చెప్పొచ్చు. తెలుగులో ప్రేమ గురించి నేరుగా చెప్పబోతే సినిమా డైలాగులా వినిపిస్తుందని చాలామంది ఇంగ్లీషులోకి వెళ్లిపోతారు, దానికి బదులు జరిగినదాన్ని చెప్పండి. ఈ అమ్మాయే అని నీకు ఎప్పుడు అనిపించింది అని వాణ్ణి అడిగాను. కాసేపు ఆగి చెప్పాడు: మా నాన్నకి ఆపరేషన్ జరిగిన రోజు, అప్పటికింకా నిశ్చితార్థం కూడా కాలేదు, ఆ పిల్ల విజయవాడ నుంచి బస్సెక్కి వచ్చి ఆస్పత్రి వరండాలో బెంచీ మీద సాయంత్రం దాకా కూర్చుని వెళ్లిందట. అది రాయమన్నాను. ఆ కింద ప్రమాణం దానంతటదే వచ్చింది: ‘నీకు కష్టమొస్తే పిలవకుండానే వస్తాను, ఏం చెయ్యాలో తెలియకపోయినా పక్కన కూర్చుంటాను.’

రాసిన ప్రతి మాటనీ ఇది నేను నిజంగా చెయ్యగలనా అని అడగండి. ‘నిన్ను ఎప్పుడూ ఏడిపించను’ అనేది ఎవరి చేతుల్లోనూ లేదు. ‘కోపమొస్తే మాట్లాడటం మానెయ్యను’ అనేది చెయ్యొచ్చు. ‘సంక్రాంతికి ఒక ఏడాది మీ ఇల్లు, ఒక ఏడాది మా ఇల్లు’, ‘నా జీతమెంతో అప్పెంతో నీ దగ్గర దాచను’, ఇలాంటివి చిన్నవిగా కనిపిస్తాయి కానీ కాపురం నడిచేది వీటి మీదే.

మన భాషలో ఇంకో చిక్కుంది, నువ్వా మీరా? మరదలు ఇంట్లో వాణ్ణి పేరు పెట్టి పిలుస్తుంది, నాయనమ్మ ముందు బాగుండదేమోనని మొత్తం ‘మీరు’ అని రాసింది, తీరా చదువుకుంటే ఎవరో పరాయి మనిషితో మాట్లాడుతున్నట్టుందని తనకే నచ్చలేదు. మళ్లీ ‘నువ్వు’ అని మార్చుకుంది, నాయనమ్మకి ఆ సంగతి నేను ముందే చెప్పాను. ఇంట్లో ఎలా మాట్లాడుకుంటారో అలాగే రాయండి.

ఒక్కొక్కరికి నిమిషం, మహా అయితే నిమిషంన్నర చాలు, అంటే 100 మాటల లోపే. ఒకరిది నాలుగు ముక్కలు, ఇంకొకరిది నాలుగు పేజీలు కాకుండా ఇద్దరివీ చూసే మనిషి ఒకరుండాలి. మాకు ఆ మనిషిని నేనే.

టెన్షన్ విషయానికొస్తే, గుండె దడదడలాడటం, నోరు ఎండిపోవడం, చేతులు వణకడం, ఇదంతా ఒంట్లో అడ్రినలిన్ చేసే పని, మీకు చేతకాకపోవడం కాదు. నాలుగు లెక్కపెడుతూ ఊపిరి తీసుకుని ఆరు లెక్కపెడుతూ వదలండి. వదిలేది నిదానంగా ఉంటే గుండె వేగం తగ్గుతుంది, నాలుగైదు సార్లు చేస్తే తేడా మీకే తెలుస్తుంది. ఇది పీటల మీద కూర్చునే చెయ్యొచ్చు, ఎవరికీ కనిపించదు. కానీ అసలు మందు పైకి చదవడమే. మనసులో చదువుకుంటే లాభం లేదు. మరదలు వారం రోజులు పొద్దున్నే కృష్ణ ఒడ్డుకెళ్లి ఘాట్ మెట్ల మీద నిలబడి గట్టిగా చదువుకుంది, ఎక్కడ ఊపిరి చాలడం లేదో అక్కడ వాక్యం విరిచింది. మొత్తం బట్టీ పట్టకండి, ఒక మాట మర్చిపోతే మిగతాదీ పోతుంది. మొదటి వాక్యం మాత్రం నోటికి రావాలి. ఫోన్ వద్దు, సరిగ్గా అప్పుడే స్క్రీన్ ఆరిపోతుంది. శుభలేఖ లాంటి మందం అట్ట మీద పెద్ద అక్షరాలతో రాసుకుంటే చెయ్యి వణికినా తెలియదు. మేళం వాళ్లకి ముందే చెప్పి ఆపించండి, మైకు నోటికి నాలుగు వేళ్ల దూరంలో పట్టుకోండి, హాల్లో ఎంతమంది ఉన్నా చూడాల్సింది ఎదురుగా ఉన్న ఒక్క మనిషినే.

ఏడుపొస్తే ఆగండి, ఏం కాదు. మరదలు మూడో వాక్యం దగ్గర ఆగిపోయింది, తమ్ముడు మైకు అందుకుని పట్టుకున్నాడు, హాలంతా నిశ్శబ్దం. ముందు వరసలోంచి నాయనమ్మ ‘నిదానంగా చెప్పమ్మా, వింటున్నాం’ అంది. తను కళ్లు తుడుచుకుని, ఆపిన మాట దగ్గరి నుంచే మళ్లీ మొదలుపెట్టింది.