పొలం అడుగున మురుగు పైపులు – 4వ పాఠం: కందకం అడుగు వాలు

పొలంలో ఊరి నిలిచే నీటిని బయటికి పంపే ఈ పైపుల చుట్టూ వేసే వడపోత పొర గురించి ఈసారి రాయాలనుకున్నాను కాని, గత పాఠం చదివి కందకాలు తవ్విన చాలామంది ఒకే చోట తడబడినందున దానిని వచ్చే పాఠానికి వాయిదా వేస్తున్నాను. అందులో మీటరు లోతు అనగానే నేల ఎత్తుపల్లాలను అనుసరించి ప్రతిచోటా పైనుంచి మీటరు కొలిచి తవ్వారు. కాకతీయ కాలువ కింద వరంగల్ వైపు మడులలో, కంటికి చదునుగా కనిపించే చోట కూడా జానెడు హెచ్చుతగ్గులు ఉంటాయి. ఆ హెచ్చుతగ్గులే పైపుకూ వస్తే, దాని పల్లంలో నీరు నిలిచి, ఒండ్రు పేరుకొని, దారి మూసుకుపోతుంది. పైన జాలు (నేలలో ఊరి నిలిచే నీరు) ఎప్పటిలాగే మిగులుతుంది.

లోతును నేల నుంచి కాక, కట్టిన సుతిలి నుంచి కొలవాలి. ఒర్రె(చిన్న వాగు)లోకి తెరుచుకునే పైపు మూతి దగ్గర, పైపు అడుగు ఉండవలసిన మట్టానికి సరిగ్గా 2 మీటర్ల పైన సుతిలి కట్టి, పది మీటర్లకొక గుంజ పాతి, ఒక్కొక్క గుంజ దగ్గర 2 సెం.మీ. చొప్పున పెంచుతూ పోవాలి. అప్పుడు నూరు మీటర్లకు 20 సెం.మీ. వాలు వస్తుంది. కందకం అడుగున నిలిపిన 2 మీటర్ల కర్ర కొన ఎక్కడైనా సుతిలిని తాకాలి.

మూతి వద్ద లోతు 1.10 మీటర్లు అనుకుందాం. నూరు మీటర్ల అవతల నేల 50 సెం.మీ. ఎత్తుగా ఉంటే అక్కడ లోతు 1.40 అవుతుంది, నేల సమంగా ఉంటే 0.90 మాత్రమే. 50వ మీటరు వద్ద నేల మూతి కన్నా 15 సెం.మీ. పల్లంగా ఉంటే అక్కడ 0.85 చాలు.

ఈ వాలు డిగ్రీలలో సుమారు 0.11 మాత్రమే కనుక ఫోన్ యాప్‌ను నమ్మవద్దు. మట్టం చూడటానికి మేస్త్రీలు నీరు నింపి వాడే పారదర్శకమైన లెవల్ పైపే నాకు ఇష్టం. అయితే అందులో ఒక్క గాలి బుడగ ఉన్నా మట్టం తప్పుతుంది. ఎక్కువ లోతు తవ్వితే, వదులు మట్టితో పూడ్చి పైపు పరచవద్దు. తడిసిన మట్టి కుంగి, పైపును తనతో దించుకుంటుంది. ఆ గుంతను గులకరాళ్ళతో నింపి దిమ్మిస కొట్టాలి. తడి నల్లరేగడిలో కందకం గోడలు విరిగిపడతాయి కనుక తవ్విన మట్టిని అంచున పోయవద్దు.

అభ్యాసం: పైపు వేయదలచిన గీత వెంట పది మీటర్లకొకసారి నేల మట్టం కొలిచి, ప్రతిచోటా తవ్వవలసిన లోతును లెక్కగట్టండి. తరువాత పై కొస నుంచి మూతి దాకా మళ్ళీ కొలవండి. రెండు కొలతల మధ్య ఎక్కడైనా సెంటీమీటరుకు మించి తేడా వస్తే, పార పట్టకముందే మొత్తం తిరిగి కొలవండి.